కొడుకు కన్నా పదకొండేళ్లు చిన్న తల్లి



స్వీడిష్ దర్శకుడు ఇంగ్మార్ బెర్గ్‌మన్ 1957లో తీసిన 'వైల్డ్ స్ట్రాబెరీస్' చిత్రంలో ఇసాక్ బోర్గ్ అనే ముసలి డాక్టరు తనకు జరగబోయే సన్మానానికి లుండ్ నగరం వెళుతూ, దారిలో తల్లిని చూసి పోదామని కారు ఆపుతాడు. తొంభై దాటిన తల్లి. బరువైన పాతకాలపు సామాన్ల నడుమ నిటారుగా కూర్చుని ఉంటుంది. ఇసాక్‌గా నటించిన విక్టర్ షోస్ట్రోమ్ 1879లో పుట్టారు. తల్లిగా నటించిన నైమా విఫ్‌స్ట్రాండ్ 1890లో పుట్టారు. అంటే ఆ తల్లి తన కొడుకు కన్నా పదకొండేళ్లు చిన్నది. ఈ లెక్క తెలియకుండా సినిమా చూసేవారికి ఏ అనుమానమూ రాదు. తెలిసి చూసినా కాసేపటికి లెక్క మరచిపోతాం. ఇదంతా మేకప్ మహిమ అని సరిపెట్టుకోవచ్చు. కానీ మేకప్ చర్మాన్ని ముడతలు పడేలా చేయగలదే గాని, డెబ్భై ఎనిమిదేళ్ల మనిషిని ఒక్క చూపుతో చిన్నపిల్లవాడిలా ముడుచుకునేలా చేయలేదు. షోస్ట్రోమ్ సామాన్యుడు కాదు. మూకీల కాలంలో స్వీడన్ సినిమాకు ప్రపంచంలో పేరు తెచ్చిన దర్శకుడు. అలాంటి మనిషి ఆ గదిలో అడుగు పెట్టగానే కొడుకైపోతాడు. ఆ పని చేసింది ఎదుటి నటి.

సినిమా భాషలో ఇలాంటి వారిని క్యారెక్టర్ ఆర్టిస్టులంటారు. హీరో, హీరోయిన్ కాని వాళ్లందరినీ పోసే బుట్ట ఆ పేరు. వాళ్ల జీవితాలు చెప్పేటప్పుడు దాదాపు అందరూ ఒకే దారి పడతారు. ఒకప్పుడు అందగత్తె, ఒకప్పుడు నాయిక. వయసు మీద పడింది. ఆ తర్వాత తల్లి వేషాలు, ఆ పైన అమ్మమ్మ వేషాలు. కొండ దిగిన కథలా చెబుతారు. విఫ్‌స్ట్రాండ్ జీవితం పైపైన చూస్తే ఆ అచ్చులో చక్కగా ఇముడుతుంది కూడా. యౌవనంలో ఆమె ఒపెరెట్టా తార, అరవై దాటాక బెర్గ్‌మన్ సినిమాల్లో ముసలమ్మ. నేను చెప్పదలచింది దీనికి ఎదురు. ఆ ముసలమ్మ పాత్రలు తొలి జీవితం కరిగిపోగా మిగిలిన అడుగు కావు. ఆ తొలి జీవితంలో పట్టుబడిన విద్య పూర్తిగా పక్వమైన చోటు అవే. అరవై ఏళ్లకు పైబడిన ఆ నటజీవితంలో తెగిన దారం ఒక్కటీ లేదు.

ముందు ఒపెరెట్టా సంగతి చూద్దాం. ఒపెరాకు చెల్లెలి వరస అనుకోవచ్చు దాన్ని: తేలికైన కథ, ప్రేమలు, అలకలు, మారువేషాలు, మాటల మధ్యలో పాటలు, నృత్యాలు. లెహార్, కాల్మాన్ అనే స్వరకర్తల చేతుల్లో వియన్నాలో పుట్టిన ఒపెరెట్టాలు ఇరవయ్యో శతాబ్దం మొదటి పాతికేళ్లలో యూరప్ నగరాలన్నింటినీ ఊపేశాయి. స్టాక్‌హోమ్ అందుకు మినహాయింపు కాదు. విఫ్‌స్ట్రాండ్ కౌమారంలోనే రంగస్థలమెక్కారు, లండన్ వెళ్లి గాత్రం నేర్చుకున్నారు, తిరిగి వచ్చి స్కాండినేవియాలో పేరున్న ఒపెరెట్టా గాయనిగా నిలిచారు. 1962లో ఆమె రాసుకున్న ఆత్మకథ పేరు 'చమ్కీలతోనూ చమ్కీలు లేకుండానూ' అని అర్థం వచ్చేది. పేరులోనే తన జీవితాన్ని రెండు ముక్కలు చేసి చూపించినట్టుంది కదా అని ఎవరైనా అనవచ్చు. నాకు మాత్రం ఆ పేరులో కొంచెం చమత్కారం కనిపిస్తుంది. చమ్కీలు వస్తాయి, పోతాయి. వాటిని తొడుక్కునే మనిషి ఒక్కరే.

ఒపెరెట్టా నటికి కావలసిన విద్యలేమిటో ఆలోచించండి. మాట్లాడుతూ మాట్లాడుతూ పాటలోకి జారాలి, ఆ అతుకు కనబడకూడదు. పాట మధ్యలో ఎదుటి పాత్రను వదిలి ప్రేక్షకుడి వైపు ఒక ఓరచూపు విసిరి, మళ్లీ కథలోకి రావాలి. హాస్యపు మాటను ఎంతసేపు పట్టి ఉంచి ఎక్కడ వదలాలో ఊపిరి లెక్కతో తెలిసి ఉండాలి. క్షణం ముందైతే నవ్వు రాదు, క్షణం ఆలస్యమైతే చచ్చిపోతుంది. వేదిక మీద అందరూ కదులుతున్నప్పుడు తాను కదలకుండా నిలబడి, అందరి కళ్లూ తన మీదకు లాక్కోవడం తెలియాలి. మన నాటకాల్లో పద్యం అందుకుని వన్స్‌మోర్ కొట్టించుకునే నటుడికి ఇదంతా విడమరచి చెప్పనక్కరలేదు. పద్యం పాడుతూ పాత్రలోనూ ఉండాలి, పాత్ర బయట సభతోనూ ఉండాలి. ఈ రెండు చోట్ల ఉండే విద్యే తర్వాత విఫ్‌స్ట్రాండ్ ప్రతి ముసలమ్మ పాత్రలోనూ మనకు కనిపించేది.

ఇక్కడ గంభీర నాటకాభిమానులు ఒక అభ్యంతరం చెబుతారు. ఒపెరెట్టా తళుకుబెళుకుల వినోదం. ఆమె దాన్ని వదిలి అసలు నటనలోకి వచ్చాకనే గొప్ప నటి అయ్యారు కదా, అలాంటప్పుడు తొలి జీవితాన్ని అంత పొగడడం ఎందుకు? దీనికి జవాబు నా ఊహల్లో వెతకక్కరలేదు. బెర్టోల్ట్ బ్రెక్ట్ ఇచ్చి వెళ్లారు. ఇరవయ్యో శతాబ్దపు నాటకరంగాన్ని తలకిందులు చేసిన ఈ జర్మన్ నాటకకర్త హిట్లర్ బారి నుంచి తప్పించుకుని దేశాలు పట్టి తిరుగుతున్న రోజులవి. స్పెయిన్ అంతర్యుద్ధం మీద ఆయన రాసిన 'సెన్యోరా కరార్ తుపాకులు' అనే నాటకాన్ని 1938లో స్టాక్‌హోమ్‌లో ప్రదర్శించినప్పుడు ప్రధాన పాత్ర వేసింది విఫ్‌స్ట్రాండ్. పోరాటంలో భర్త పోయిన బెస్త స్త్రీ ఆ కరార్. మిగిలిన కొడుకులనైనా కాపాడుకోవాలని తుపాకులు దాచిపెట్టి ఎవరికీ ఇవ్వనంటుంది; పెద్ద కొడుకు చేపలు పట్టుకుంటూండగానే శత్రువుల చేతిలో చచ్చాక, వాటిని తానే బయటికి తీస్తుంది. నిన్నటి ఒపెరెట్టా తార నలభై ఏడేళ్ల వయసులో ఆ తల్లి అయ్యారు.

1939 ఏప్రిల్‌లో బ్రెక్ట్ కుటుంబంతో డెన్మార్క్ నుంచి స్వీడన్ చేరారు. స్టాక్‌హోమ్ పక్కనున్న లిడింగో ద్వీపంలో ఒక శిల్పి ఇంట్లో తలదాచుకున్నారు. సరిగ్గా ఏడాదికి, 1940 ఏప్రిల్‌లో, జర్మనీ డెన్మార్క్‌నూ నార్వేనూ ఆక్రమించగానే అక్కడి నుంచి ఫిన్లండ్ వెళ్లిపోయారు. ఆ ఏడాది వ్యవధిలో, పోలండ్ మీద జర్మనీ దాడితో యుద్ధం మొదలైన శరత్కాలంలో, ఆయన రాసిన నాటకమే 'మదర్ కరేజ్'. పదిహేడో శతాబ్దంలో ముప్ఫై ఏళ్ల యుద్ధం నడుస్తుండగా సైన్యాల వెంట బండి లాక్కుంటూ సరుకులు అమ్ముకుని బతికే వ్యాపారి కథ అది. యుద్ధం మీదే బతుకుతుంది, ఆ యుద్ధానికే ముగ్గురు బిడ్డల్నీ పోగొట్టుకుంటుంది. పందొమ్మిదో శతాబ్దంలో రూనెబెర్గ్ అనే కవి స్వీడిష్ భాషలో రాసిన వీరగాథల్లో లొట్టా స్వార్డ్ అనే, సిపాయిల వెంట తిరిగే అంగడి స్త్రీ ఉంది. ఆ పాత్రను బ్రెక్ట్‌కు పరిచయం చేసింది విఫ్‌స్ట్రాండేనని బ్రెక్ట్ చరిత్ర రాసినవాళ్లు చెబుతారు. అంతకన్నా ముఖ్యమైన సంగతి, మదర్ కరేజ్ పాత్రను ఆయన విఫ్‌స్ట్రాండ్‌ను దృష్టిలో పెట్టుకుని రాశారు. బ్రెక్ట్ భార్య హెలెన్ వైగెల్ మహానటి, కానీ ఆమెకు స్వీడిష్ రాదు. అందుకని ఆమె కోసం మాటలు రాని కూతురు కాట్రిన్ పాత్ర పుట్టింది. ప్రపంచ నాటకరంగంలో అంత పేరు పొందిన మూగ పాత్ర అలా ఒక కాందిశీకురాలి భాషా సమస్యలోంచి వచ్చిందన్నమాట.

బ్రెక్ట్ ఈ నటిలో ఏం చూసి ఉంటారు? ఆయన సిద్ధాంతం తెలిసినవారికి ఇది కష్టమైన ప్రశ్న కాదు. నటుడు పాత్రలో కరిగిపోకూడదు. పాత్రను పట్టి చూపించాలి. పాట వచ్చినప్పుడు కథను ఆపి, ప్రేక్షకుడితో నేరుగా మాట్లాడాలి. వేదిక మీద కన్నీళ్లు కారుతున్నా, జరుగుతున్నదాన్ని సభ ఆలోచనతో చూడాలి. పెద్ద పెద్ద నాటకశాలల్లో విషాదాలు ఆడిన నటులకు ఇది మింగుడుపడేది కాదు, ఎందుకంటే వాళ్ల చదువంతా కరిగిపోవడంలోనే సాగింది. ఒపెరెట్టాలో పెరిగిన మనిషికి అది వెన్నతో పెట్టిన విద్య. కథలోంచి పాటలోకి, పాటలోంచి ప్రేక్షకుడిలోకి, మళ్లీ కథలోకి తిరగడమే ఆమె అప్పటికి ముప్ఫై ఏళ్లుగా చేస్తున్న పని. గంభీర నాటకాభిమానులు దేన్ని తేలిక వినోదమని తోసేస్తున్నారో, ఆ కాలపు అతి గంభీర నాటకకర్తకు కావలసింది అదే అయింది. పైగా మదర్ కరేజ్ పాడాలి, బేరమాడాలి, నవ్వించాలి, బిడ్డ శవాన్ని చూసి గుర్తుపట్టనట్టు నిలబడాలి. ఒకే గొంతులో అంగడీ స్మశానమూ పట్టాలి.

ఇంకో ఆధారం ఉంది, దీన్ని నటనాభ్యాసకులు తప్ప మిగతావాళ్లు పెద్దగా పట్టించుకోరు. స్టాక్‌హోమ్‌లో విఫ్‌స్ట్రాండ్ నటన నేర్పే పాఠశాల నడిపారు. బ్రెక్ట్ దంపతులు అక్కడ ఉన్న కాలంలో వైగెల్ అందులో పాఠాలు చెప్పారు. ఆ విద్యార్థుల కోసం బ్రెక్ట్ కొన్ని అభ్యాస దృశ్యాలు రాశారు. షిల్లర్ 'మేరీ స్టూవర్ట్' నాటకంలో ఇద్దరు రాణులు ఎదురుపడి మాటలతో పొడుచుకునే ఘట్టం ఉంది. దానికి జోడీగా ఇద్దరు చేపలమ్మే ఆడవాళ్ల తగాదా రాశారు. 'మాక్బెత్'లో రాజహత్యకు జోడీగా ఒక ద్వారపాలకుడి ఇంట్లో బొమ్మ పగిలిన రభస. రోమియో జూలియెట్ల ప్రణయానికి ముందు వాళ్ల వాళ్ల నౌకర్ల గోడు. రాణి పాత్రకు సిద్ధమయ్యే పిల్ల ముందు చేపల బజారులో గొంతెత్తాలి. రాణి తగాదాలో ఎవరి పరువు ఎంత, ఎవరి కడుపుమంట ఎంత అన్నది అప్పుడు బయటపడుతుంది. క్యారెక్టర్ నటన అనే పనికి ఇంతకన్నా మంచి నిర్వచనం నాకు తట్టదు. హీరోయిన్ రాణిగా పుట్టి రాణిగానే ఉండొచ్చు. క్యారెక్టర్ నటి మాత్రం ప్రతి రాణిలోనూ చేపలమ్మిని, ప్రతి చేపలమ్మిలోనూ రాణిని చూడాలి.

మదర్ కరేజ్ పాత్ర ఎవరి కోసం పుట్టిందో వారితో తొలి ప్రదర్శన జరగలేదు. అప్పటికి స్వీడన్ చుట్టూ యుద్ధం కమ్ముకుంది, బ్రెక్ట్ దేశం దాటారు. 1941లో జూరిక్‌లో మొదటిసారి ఆ నాటకం ఆడినప్పుడు టెరీసా గీజే ఆ పాత్ర వేశారు. 1949లో బెర్లిన్‌లో వైగెల్ వేసినప్పటి నుంచి అది వైగెల్ పాత్రగా స్థిరపడింది. నాటక చరిత్రలో విఫ్‌స్ట్రాండ్ పేరు ఒక పాదసూచికలోకి కుదించుకుపోవడానికి కారణం ప్రతిభ తక్కువ కావడం కాదు, భూగోళం.

ఇప్పుడు అందరికీ తట్టే అసలు అభ్యంతరం. బెర్గ్‌మన్ లేకపోతే ఈవిడ ఎవరికి గుర్తుండేవారు? ఒక మహా దర్శకుడి నీడలో నిలబడ్డ నటి గొప్పతనం ఆ దర్శకుడిదే కాదా? తేదీలు చూడండి. బెర్గ్‌మన్ దర్శకుడిగా మొదటి సినిమా తీసింది 1946లో. అప్పటికి ఏడేళ్ల కిందటే బ్రెక్ట్ ఆమెను ఊహించుకుని మదర్ కరేజ్ రాసేశారు. ఒకరికొకరు సంబంధం లేని ఇద్దరు, అందులోనూ నటన గురించి పూర్తిగా వేరు వేరు అభిప్రాయాలున్న ఇద్దరు, ఒకే నటిని ఎంచుకున్నారంటే ఆ ఎంపికకు కారణం ఎంచుకున్నవాళ్లలో కన్నా ఆ నటిలోనే ఎక్కువ ఉందనుకోవాలి. బ్రెక్ట్ దూరంగా నిలబడి చూపించమంటారు. బెర్గ్‌మన్ కెమెరాను ముఖం మీదికి తెచ్చి లోపలికి తొంగిచూస్తారు. ఇద్దరికీ పనికొచ్చిన నటులు యూరప్‌లో ఎందరున్నారు?

అయినా ఆ అభ్యంతరంలో కొంత నిజముంది, అది ఒప్పుకోవాలి. నటి ఎంత గొప్పదైనా ఆమె పని చేయడానికి ఒక కొలువుండాలి. దక్షిణాన మాల్మో పట్టణంలో 1944లో పెద్ద నగర థియేటర్ తెరిచారు. బెర్గ్‌మన్ 1952 నుంచి 1958 దాకా అక్కడ నాటకాలు చేయించారు. మాక్స్ వాన్ సీడో, బిబి ఆండర్సన్, హారియెట్ ఆండర్సన్, ఇంగ్రిడ్ టూలిన్, గునెల్ లిండ్‌బ్లోమ్ లాంటి వారు ఆ రంగస్థలం మీద ఆయనతో పనిచేసినవాళ్లే. విఫ్‌స్ట్రాండ్ కూడా అక్కడ పనిచేశారు. చలికాలమంతా నాటకాలు, వేసవిలో వెలుతురు ఉన్నన్నాళ్లు సినిమా. ఒకే గుంపు ఇటూ అటూ తిరిగేది. ఆ పద్ధతిలో ఉన్న మేలేమిటంటే, నటిని ఒక్కో సినిమాకు ఒక్కో వస్తువులా అద్దెకు తెచ్చుకోనక్కరలేదు. ఎవరి ఊపిరి ఎంతో, ఎవరు ఎక్కడ ఆగుతారో దర్శకుడికి ముందే తెలుసు, ఆ లెక్కతోనే పాత్ర రాస్తారు. హీరోయిన్‌కు మార్కెట్ చాలు. అరవై ఐదేళ్ల క్యారెక్టర్ నటికి సంస్థ కావాలి. స్వీడన్‌లో ప్రజాధనంతో నడిచే నగర థియేటర్లు ఆ సంస్థను ఇచ్చాయి. ఇది బెర్గ్‌మన్ గొప్పతనమా, మాల్మో పన్నుదారుల గొప్పతనమా అన్నది నేను తేల్చను.

సినిమాల విషయానికొస్తే, 1948లో 'మ్యూజిక్ ఇన్ డార్క్‌నెస్', 1949లో 'థర్స్ట్'తో మొదలై ఇరవై ఏళ్ల పాటు ఆమె బెర్గ్‌మన్ చిత్రాల్లో కనిపిస్తారు. వాటిలో 'స్మైల్స్ ఆఫ్ ఎ సమ్మర్ నైట్' 1955 చివర్లో విడుదలైంది, మరుసటి ఏడు కాన్ చిత్రోత్సవంలో బహుమతి అందుకుంది. శతాబ్దం మొదట్లో ఒక వేసవి రాత్రి, ఒక ఎస్టేటు బంగళాలో చేరిన కొన్ని జంటలు తారుమారై తిరిగి సర్దుకునే ప్రహసనం. బంగళా యజమానురాలు ఆర్మ్‌ఫెల్ట్ అనే ముసలావిడ. నటి డెజిరే ఆమె కూతురు. ఆ ముసలావిడ మంచం మీద ఒంటరిగా పేకముక్కలు పేర్చుకుంటూ మాట్లాడుతుంది. ఇంత ఆస్తి ఎలా వచ్చిందంటే, తన జ్ఞాపకాలు రాయనని మాట ఇచ్చినందుకు వచ్చిందని చెబుతుంది. హాస్యం మొత్తం చెప్పే తీరులో ఉంది. ఈ మాటను కన్ను గీటి చెబితే చవకబారు అవుతుంది. విఫ్‌స్ట్రాండ్ ముక్క తిప్పుతూ, వంటింటి లెక్క చెప్పినంత మామూలుగా చెబుతారు. నవ్వు మనకు ఒక క్షణం ఆలస్యంగా తగులుతుంది. ఆ ఆలస్యాన్ని కొలిచి పెట్టింది ఒపెరెట్టా.

అదే సినిమాలో రాత్రి భోజనం దగ్గర ఆమె ఒక మద్యం పోయించి, దాని పుట్టుక చెబుతుంది. తల్లి పాలు ఒక చుక్క, మగ గుర్రపు వీర్యం ఒక చుక్క ప్రతి పీపాలోనూ కలిపారంటుంది. తాగినవారి మీద దాని ప్రభావం ఉంటుందనీ, తాగినదాని బాధ్యత తాగినవాళ్లదేననీ హెచ్చరిస్తుంది. కథంతా ఆ గ్లాసు చుట్టూ తిరుగుతుంది. దాని తర్వాత ఎవరూ ముందున్న చోట ఉండరు. ఈ ఘట్టంలో అతికష్టమైన పని ఆమెదే. అక్కడిదాకా ఇది సంసారపక్షపు హాస్యం, అక్కడి నుంచి కొంచెం మంత్రం కలవాలి. మిగిలిన నటులు ఎవరి పాత్రలో వారుంటారు. ఆమె పాత్రలో ఉంటూనే ఆ రాత్రి నాటకానికి సూత్రధారి అవుతుంది. మళ్లీ అదే విద్య, లోపలా బయటా ఉండడం.

'వైల్డ్ స్ట్రాబెరీస్'లో తల్లి దీనికి పూర్తిగా వ్యతిరేకం. ఆ గదికి వచ్చిన కోడలు మారియన్‌ను చూసి మొదట మరెవరో అనుకుని పొరబడుతుంది. ఒక పెట్టెలో దాచిన బొమ్మలు తీసి ఇది ఫలానా బిడ్డది, ఇది ఫలానా బిడ్డదని చూపిస్తుంది. పది మంది బిడ్డల్లో మిగిలింది ఇసాక్ ఒక్కడే. తనకు చలిగా ఉందంటుంది. తండ్రిదైన పాత గడియారాన్ని మనవడికి కానుకగా ఇవ్వాలనుకుంటుంది. దానికి ముళ్లు లేవు. సినిమా మొదట్లో ఇసాక్‌కు వచ్చిన పీడకలలో వీధిలో వేలాడిన గడియారానికీ ముళ్లు లేవు. ఈ ఒక్క వస్తువుతో కల నిజంలోకి వచ్చి పడుతుంది. విఫ్‌స్ట్రాండ్ ఆ గడియారాన్ని భయపెట్టేలా చూపించరు. కానుక ఇస్తే తన డబ్బు ఖర్చు కాకుండా పోతుందన్నంత పొదుపుగా, పొడిగా మాట్లాడతారు. చచ్చిపోయిన బిడ్డల బొమ్మల మీద ఒక్క కన్నీటి చుక్క రాల్చి ఉంటే ఆ ఘట్టం మామూలు తల్లి ఘట్టమయ్యేది. ఆ కన్నీరు లేకపోవడమే మారియన్‌ను భయపెడుతుంది. ఆ తల్లి చలి కొడుకులోకి, కొడుకు చలి మనవడిలోకి దిగిందని తర్వాత కారులో ఆమె చెబుతుంది. ఆ ఇంటి ఘట్టం తీసేస్తే ఇసాక్ చల్లదనానికి తల్లివేరు ఉండదు. సినిమా ఒక ముసలాయన స్మృతులుగా మిగులుతుంది.

అయితే మరో వాదం ఉంది, ఇది స్త్రీల పక్షాన నిలబడేవారు చేసేది. దీన్ని తేలిగ్గా తోసేయలేం. ఆ సినిమాలో డెబ్భై ఎనిమిదేళ్ల మగనటుడు నాయకుడు, అతని యౌవనం, ప్రేమ, పశ్చాత్తాపం అన్నీ కథకు కేంద్రం. అరవై ఏడేళ్ల స్త్రీకి దొరికింది మాత్రం అతని తల్లి వేషం. ఇక ఆమె పాత్రల జాబితా చూస్తే అమ్మమ్మ, తల్లి, మంత్రగత్తె, దెయ్యం. వయసు మళ్లిన స్త్రీని బెర్గ్‌మన్ ఒక ప్రకృతి శక్తిగానో, ఒక భయంగానో చూస్తారు గాని, తన కోరికలూ నిర్ణయాలూ ఉన్న మనిషిగా ఎన్నిసార్లు చూశారు? ఈ ఆరోపణ నిజమే. స్క్రిప్టుల మీద వేసినంతవరకు దానికి నా దగ్గర జవాబు లేదు. కానీ నటి చేసిన పనికి ఈ తీర్పు వర్తింపచేస్తే రెండోసారి అన్యాయం చేసినవాళ్లమవుతాం. ఇచ్చిన ఆ ఇరుకు చోట్లో ఆమె ఒక్క ముసలమ్మనూ మరో ముసలమ్మలా చేయలేదు. ఆర్మ్‌ఫెల్ట్ ప్రపంచాన్ని అనుభవించి, దానిమీద ఆశ వదులుకుని, అయినా దాన్ని చూసి సరదాపడుతుంది. ఇసాక్ తల్లి ఏదీ అనుభవించలేదు, దేన్నీ వదులుకోలేదు. ఒకే ముఖం, రెండేళ్ల తేడా.

1958 నాటి 'ది మెజీషియన్'లో ఆమెది అమ్మమ్మ పాత్ర. 1846లో ఊరూరా తిరిగే ఒక ఇంద్రజాల బృందం స్టాక్‌హోమ్ వస్తుంది. నాయకుడు మూగవాడిలా నటిస్తాడు, అతని భార్య మగవేషంలో ఉంటుంది, బృందంలో అందరిదీ ఏదో ఒక మోసం. అమ్మమ్మ ఒక్కతే తన మూలికలనూ మంత్రాలనూ నిజంగా నమ్మే మనిషి, లేదా నమ్ముతుందా లేదా అని మనం తేల్చుకోలేని మనిషి. ఏదో ఒకటి గొణుక్కుంటూనే ఆమె డబ్బు దాచుకుంటూ ఉంటుంది, చివరికి బృందాన్ని వదిలి తన దారి చూసుకుంటుంది. ఇల్లంతా భయంతో నిండిన రాత్రి ఒక చిన్న పనిపిల్లను ఓదార్చడానికి పాట పాడుతుంది. రేడియోలో మాట్లాడుతున్నాను కాబట్టి ఆ గొంతు గురించి ఒక్క మాట. అది ఒపెరెట్టా గొంతు కాదు. వయసు దాన్ని సన్నగా అరగదీసింది. కానీ స్వరం మీద వాలే తీరు, పదం చివర ఊపిరి వదిలే తీరు శిక్షణ ఉన్న గాయనివే. ముసలితనాన్ని నటించడానికి గొంతు వణికించడం అందరికీ తెలిసిన చవక పద్ధతి. ఆమె వణికించరు. గాయనికి గొంతు వణకడం తప్పు కాబట్టి చిన్నప్పటి నుంచి దాన్ని అదుపులో పెట్టడమే ఆమె నేర్చుకున్నది. అందుకే ఆ ముసలివాళ్లందరిలోనూ ఒక గట్టిదనం ఉంటుంది, జాలి పడనివ్వని గట్టిదనం.

1966లో తీసి 1968లో విడుదల చేసిన 'అవర్ ఆఫ్ ది వుల్ఫ్'లో ఆమె ఒక టోపీ పెట్టుకుని, ద్వీపంలో ఒంటరిగా ఉన్న చిత్రకారుడి భార్య దగ్గరికి వస్తుంది. తన వయసు 216 ఏళ్లంటుంది, వెంటనే తప్పు దిద్దుకుని 76 అంటుంది. సినిమా తీసిన ఏడు విఫ్‌స్ట్రాండ్‌కు నిజంగానే 76 నిండాయి. మంచం కింద నీ భర్త డైరీ ఉంది చదవమని చెప్పి వెళ్లిపోతుంది. చివర్లో ఆమె టోపీతో పాటు ముఖమే ఊడదీస్తుంది, కనుగుడ్డు తీసి గ్లాసులో వేస్తుంది. భయానక చిత్రాల వాళ్లకు అది మాత్రమే గుర్తుంటుంది. నాకు మొదటి ఘట్టమే ఎక్కువ. పట్టపగలు, ఎండలో, మర్యాదస్తురాలైన ఒక ముసలావిడ, తన వయసు విషయంలో చిన్న పొరపాటు. భయమంతా ఆ దిద్దుబాటులో ఉన్న మామూలుతనంలోంచి వస్తుంది. ఆర్మ్‌ఫెల్ట్ ముక్క తిప్పుతూ చెప్పిన హాస్యానికీ దీనికీ పద్ధతి ఒక్కటే. అక్కడ నవ్వొచ్చింది, ఇక్కడ వెన్ను జలదరిస్తుంది. సినిమా విడుదలైన 1968లోనే, అక్టోబరులో, విఫ్‌స్ట్రాండ్ మరణించారు.

ఇక మిగిలింది కొలత గురించిన ప్రశ్న. ఈ సినిమాల్లో చాలావాటిలో ఆమె తెర మీద ఉన్నది ఎంతోసేపు కాదు. కొద్ది నిమిషాల పాత్రలతో ఒక నటజీవితం ఎలా గొప్పదవుతుంది? దీనికి సిద్ధాంతం కన్నా ఒక చరిత్ర చెప్పడం మేలు. 'స్మైల్స్ ఆఫ్ ఎ సమ్మర్ నైట్' ఆధారంగా 1973లో స్టీఫెన్ సోండ్‌హైమ్ సంగీతంతో 'ఎ లిటిల్ నైట్ మ్యూజిక్' అనే సంగీత నాటకం న్యూయార్క్ బ్రాడ్వేలో వచ్చింది. సినిమాలో వేసవి రాత్రి మూడుసార్లు నవ్వుతుందన్న మాట, సినిమా పేరుకే మూలమైన మాట, ఒక గుర్రాలవాడు పనిపిల్లకు చెబుతాడు. సంగీత నాటకం రాసినవాళ్లు ఆ మాటను అతని నోట్లోంచి తీసి ముసలి ఆర్మ్‌ఫెల్ట్ నోట్లో పెట్టారు. ఆమె దాన్ని మనవరాలికి చెబుతుంది, మూడో నవ్వు దగ్గర ప్రాణం వదులుతుంది. సినిమాలో ఆమె చావదు. ఆమె గతాన్ని చెప్పుకునే పాట ఒకటి పూర్తిగా ఆమెకిచ్చారు. సినిమాలో మంచం మీద కూర్చున్న ఒక చిన్న పాత్రను చూసి, దీనికి కేంద్రం ఇక్కడుందని వాళ్లకు అనిపించిందంటే, ఆ భావం కాగితం మీద లేదు. విఫ్‌స్ట్రాండ్ ముఖంలోంచి వచ్చింది. మొదట ఆ పాత్ర హెర్మియోని గింగోల్డ్ వేశారు. 2009లో బ్రాడ్వేలో మళ్లీ ఆడినప్పుడు ఏంజెలా లాన్స్‌బరీ, ఆమె తర్వాత 2010లో ఎలైన్ స్ట్రిచ్ వేశారు. ఇద్దరూ 1925లో పుట్టినవాళ్లే, ఎనభై నాలుగు, ఎనభై ఐదేళ్ల వయసులో ఆ నాటకంలో ఆర్మ్‌ఫెల్ట్ కూర్చునే చక్రాల కుర్చీ కోసం వచ్చారు. ఆ పాత్రలో మొదట తెర మీద కనిపించినప్పుడు విఫ్‌స్ట్రాండ్‌కు అరవై ఐదేళ్లు.